క్యాసెట్టుకి పుట్టుమచ్చ

డబుల్ యాక్షన్ సినిమా చూసేటప్పుడు ప్రేక్షకుడికి ఒక సుఖం వుంది. తెరమీద ఇద్దరూ ఒకే అచ్చులో పోసినట్టున్నా ఎవరు ఎవరో మనకి ముందే తెలుసు. 1964లో వచ్చిన 'రాముడు భీముడు'లో రామారావుగారు ఇటు మెతకగా, అటు మొండిగా కనిపిస్తుంటే నేల టిక్కెట్టు కుర్రాడు కూడా "అడుగో, భీముడొచ్చాడు!" అని ఈల వేసేవాడు. తికమకపడి చచ్చేదల్లా ఆ కథలో వున్నవాళ్ళే!

కానీ పాఠక మిత్రులారా, మన జీవితంలో మనం ప్రేక్షకులం కాదు. కథలో వున్నవాళ్ళం. అందుకే ఒక డూప్ ఇరవై ఏళ్ళపాటు నా పెట్టెలోనే పడుకున్నా నేను పోల్చుకోలేకపోయాను. అది మనిషి కాదు లెండి. అగ్గిపెట్టెంత వీడియోగేమ్ క్యాసెట్టు. ఎర్రటి ప్లాస్టిక్కు, మీద నిప్పులు కక్కే రెక్కల జంతువు బొమ్మ, 'పోకెమాన్ ఫైర్ రెడ్' అని పేరు.

నేనుండేది ఎర్రమంజిల్‌లో. మెట్రో స్టేషన్ మెట్లు దిగి గుట్టవైపు సందులోకి తిరిగితే మూడో అంతస్తులో ఒంటి గది. ఈ పేటకున్న పేరే ఒక ద్విపాత్రాభినయం! నవాబ్ ఫక్రుల్ ముల్క్ గుట్టమీద కట్టించుకున్న మేడకి 'ఇరమ్ మంజిల్' అని పేరు. ఇరమ్ అంటే పారశీకంలో స్వర్గం. తెలుగువాళ్ళ నోట మాత్రం అది ఎర్రగుట్టమీది ఎర్రమేడ, ఎర్రమంజిల్. రెండు చెవులకీ సరిపోయేలా నవాబుగారు కావాలనే ఆ పేరు పెట్టారని చెప్పుకుంటారు. 2019లో ఆ మేడని పడగొట్టి కొత్త అసెంబ్లీ కట్టాలని ప్రభుత్వం తలపెడితే, అదే ఏడాది సెప్టెంబరులో హైకోర్టు ఆ నిర్ణయాన్ని కొట్టేసింది. మేడ బతికింది. పేర్లలో అసలుది ఏదంటే మాత్రం మా సందులో ఇద్దరు రెండు రకాలుగా చెప్తారు.

సరే, అసలు కథకి వద్దాం.

2003లో మన దేశంలో కార్టూన్ నెట్‌వర్క్‌వాళ్ళు పోకెమాన్ వేయడం మొదలుపెట్టాక మా యీడు పిల్లలకి పిచ్చెక్కింది. ఆ పిచ్చి సంగతి మా కాకకి తెలుసు. మా నాన్న తమ్ముడు, అప్పట్లో దుబాయిలో పని చేసేవాడు. 2005 ఎండాకాలంలో సెలవుకి వస్తూ ఒక గేమ్ బాయ్ అడ్వాన్స్ ఎస్పీ, దాంట్లో పెట్టుకోవడానికి ఈ ఎర్ర క్యాసెట్టు తెచ్చాడు. "ఒరిజినల్ రా బిడ్డా! చూస్కో!" అని నా చేతిలో పెట్టాడు. ఎంతయిందో ఎన్నడూ చెప్పలేదు. నాకు పదిహేనేళ్ళు. జగిత్యాలలో మా బళ్ళో అలాంటిది ఇంకెవరి దగ్గరా లేదు. నేనే హీరో!

ఏడాదిన్నర ఆడాను. ఎనిమిది బ్యాడ్జీలూ గెలిచి చివరి గండం ముందు ఆట సేవ్ చేసి పెట్టుకున్నాను. 2006 దసరా సెలవుల్లో ఒకరోజు మధ్యాహ్నం తెరిచి చూద్దును గదా... శూన్యం! 'కంటిన్యూ' లేదు. 'న్యూ గేమ్' ఒక్కటే మినుక్కుమంటోంది. అరవై గంటల ఆట హారతి కర్పూరం!

ఆ పొద్దున మా చెల్లె దాన్ని పట్టుకుని ఆడటం నేను చూశాను. దానికప్పుడు పదేళ్ళు. ఇంకేం సాక్ష్యం కావాలి? "నేను తుడువలేదన్నా, ఒట్టు!" అని అది ఏడుస్తుంటే ఒక్కటిచ్చాను. అమ్మ కూడా నా పక్షమే. "సారీ చెప్పు అన్నకు," అంది. చెప్పింది పాపం. సంక్రాంతి దాకా నేను దాంతో మాట్లాడలేదు. క్యాసెట్టుని బిస్కెట్ డబ్బాలో పడేసి మూత పెట్టేశాను. మళ్ళీ ముట్టుకుంటే ఒట్టు.

ఇంటర్వెల్.

రెండో భాగంలో కాక కొడుకు ప్రవేశిస్తాడు. కాక దుబాయి నుంచి ఎప్పుడో వచ్చేసి వూళ్ళో వ్యవసాయం చూసుకుంటున్నాడు. కొడుక్కి ఇరవై ఏళ్ళు. సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ నేర్చుకుంటానని అమీర్‌పేటకొచ్చి నా గదిలో దిగాడు. రెండు స్టేషన్లు దాటితే మైత్రీవనం. ఆ జనం, ఆ బోర్డులు, చేతిలో కరపత్రం పెట్టి చెవిలో కోర్సు పేరు చెప్పే కుర్రాళ్ళు... మీకు తెలియనిదేముంది!

ఒకరోజు నా పెట్టె సర్దుతూ బిస్కెట్ డబ్బా తెరిచాడు.

"అన్నా, గిది ఇంక నడుస్తదా?"

"నడవకేం? మీ బాపు తెచ్చిండు దుబాయి నుంచి. అసలు సిసలు ఒరిజినల్. గ్యారంటీ నాది!"

ఆ 'గ్యారంటీ నాది' అనే మాట వుంది చూశారూ, అక్కడే తప్పంతా జరిగింది.

వాడి ఆలోచన చాలా బాగుంది. వూళ్ళో వాళ్ళ అక్క కొడుకు మూడో తరగతి, తెలుగు మీడియం. వాడు ఆడుకోవడానికి ఈ ఆటలోని మాటలన్నీ తెలుగు చేయాలని. ఇలాంటి పనులు ప్రపంచమంతా అభిమానులు చేస్తూనే వున్నారు. ఫైర్ రెడ్ అమెరికాలో 2004 సెప్టెంబరులో విడుదలైంది. ఇన్నేళ్ళు గడిచినా దాన్ని పునాదిగా పెట్టుకుని అభిమానులు కొత్త కథలూ, కొత్త వూళ్ళూ కట్టేస్తున్నారు. 'అన్‌బౌండ్', 'రాడికల్ రెడ్', 'గైయా'... ఇవన్నీ ఆ కోవలోవే. మన హీరోల అభిమానులు పాత పాటకి కొత్త క్లిప్పులు అతికిస్తారు చూడండి, దానికి పెద్దన్న అనుకోండి.

పని ఎలా జరుగుతుందంటే, ముందు క్యాసెట్టులో వున్నదంతా కంప్యూటర్లోకి దించాలి. దానికి చిన్న పెట్టె వుంటుంది. ఒకపక్క క్యాసెట్టు గుచ్చి రెండోపక్క యూఎస్‌బీ తీగ తగిలిస్తే చదివేసి ఒక ఫైలు చేసి ఇస్తుంది. దాన్నే రోమ్ ఫైలు అంటారు. (ఇటలీలోని రోముకీ దీనికీ చుట్టరికం లేదు!) ఫైర్ రెడ్‌ది 16 మెగాబైట్లు. లెక్కగా చెప్పాలంటే 1,67,77,216 బైట్లు. మావాడు దించిన ఫైలు కూడా సరిగ్గా అంతే. ఒక్క బైటు ఎక్కువ లేదు, తక్కువ లేదు. ఇంకేం, పని మొదలు!

తెలుగు అక్షరాల దగ్గర అసలు తమాషా. ఆ ఆటలో ఒక్కో అక్షరానికి ఒక్కో బైటు. అంటే మహా అయితే 256 గళ్ళు. అందులో 'ఇక్కడ వరుస మార్చు', 'ఇక్కడ మాట ముగించు' అని యంత్రానికి చేసే సైగలకి కొన్ని పోతాయి. మన గుణింతాలన్నీ విడివిడిగా పెడితే ఆ గళ్ళు ఏ మూలకి? అందుకని వాడు హల్లులు వేరే, గుణింతపు గుర్తులు వేరే చుక్కచుక్కగా గీసి, పక్కపక్కన అతికే ఏర్పాటు చేశాడు. ఒత్తులొచ్చినప్పుడల్లా క్లాసులోంచి నాకు ఫోను. "అన్నా, 'శాస్త్రవేత్త' వద్దు. వేరే మాట చెప్పు. ఒత్తు పడతలేదు."

మాటలు రాసేది నేను. సినిమా పత్రికల్లో రాసి పొట్టపోసుకునేవాణ్ణి, ఆ మాత్రం రాయలేనా అనుకున్నా. కానీ తెర అడుగున పెట్టెలో రెండే వరుసలు! నా డైలాగు మూడో వరుసకి పోతే వాడు నిర్దాక్షిణ్యంగా కోసేవాడు. మన డబ్బింగు రచయితల కష్టం అప్పుడు తెలిసొచ్చింది. 1950లో తెలుగులో తొలి డబ్బింగు చిత్రం 'ఆహుతి'కి మాటలు రాసింది శ్రీశ్రీ. అంతటి మహాకవి పెదవుల కదలికకి తలవంచాడు, రెండు వరుసలకి నేనెంత!

నాలుగు నెలలు పట్టింది. ఆటలో మొదటి వూళ్ళు తెలుగులోకి వచ్చాయి. తాతలాంటి ప్రొఫెసర్ తెలుగులో పలకరిస్తుంటే, నిజం చెప్పొద్దూ, నా కళ్ళు చెమర్చాయి.

అప్పుడొచ్చింది ఉపద్రవం.

"అన్నా... సేవ్ ఐతలేదు."

ఆట బాగా ఆడుతోంది. సేవ్ చేయమంటే మాత్రం మొరాయిస్తోంది. నాలుగు నెల్లుగా ఎందుకు తెలియలేదంటారా? కంప్యూటర్లో ఆ ఆట ఆడించే ప్రోగ్రామ్, ఎమ్యులేటర్ అంటారు, దానికి ఎక్కడికక్కడ ఆపి దాచుకునే సొంత సదుపాయం వుంటుంది. వాడు దాంతోనే నెట్టుకొచ్చాడు. ఆటలోని అసలు 'సేవ్' నొక్కనే లేదు. టెస్టింగ్ కోర్సు చదివేవాడు మొట్టమొదటి టెస్టే చేయలేదు! చేయకపోవడానికి కారణం... తెలుసుగా, నా గ్యారంటీ.

నేనూరుకున్నానా? "నీ అక్షరాలు ఎక్కడో పోయి సేవ్ మీద కూసున్నయిరా," అన్నా, పెద్ద తెలిసినవాడిలా. వాడు నిజమే అనుకున్నాడు. మూడు వారాలు తన పనిలోనే తప్పు వెతుక్కున్నాడు. ఒత్తులు తీసేశాడు, మళ్ళీ పెట్టాడు. అక్షరాల పట్టీ మూడుసార్లు మొదట్నుంచీ గీశాడు. క్లాసులకి ఎగ్గొట్టాడు. ఒక రాత్రి రెండింటికి లేచి చూస్తే వాడు తెరముందు తల పట్టుకుని కూర్చున్నాడు. "నావల్లనే ఖరాబైందన్నా. మొత్తం తీసేస్త."

తీసేయలేదు, అదృష్టం. మర్నాడు ఎస్.ఆర్.నగర్ హాస్టల్లో వున్న స్నేహితుడికి ఇచ్చి చూద్దామన్నాడు. ఆ కుర్రాడి దగ్గర అమెరికా నుంచి మేనమామ పంపిన ఫైర్ రెడ్ వుంది. అదే పెట్టెతో దించుకున్నాడు.

ఇక్కడొక మర్యాద చెప్పాలి. అభిమానులు తమ మార్పులు పంచుకునేటప్పుడు మొత్తం ఆట ఇవ్వరు. ఆట కంపెనీది. దాన్ని పంచితే దొంగతనం. కేవలం మార్పుల చీటీ ఇస్తారు. దాన్ని ప్యాచ్ అంటారు. అవతలివాడు తన క్యాసెట్టులోంచి దించుకున్న ఫైలుకి దాన్ని అతికించుకోవాలి. ఐపీఎస్ అని ఒక పాతరకం చీటీ వుంది. అందులో వుండేదల్లా 'ఫలానా చోట ఫలానా బైట్లు పెట్టు' అంతే. ఎవరి ఫైలు, ఏ ఫైలు అని అడగదు. మన గల్లీ దర్జీ లాంటిది. ఏ చొక్కా ఇచ్చినా చెయ్యి కుట్టేస్తాడు. కుడిదో ఎడమదో తర్వాత చూసుకోవాలి!

ఆ ఐపీఎస్ చీటీ స్నేహితుడికి పంపాడు. గంటకి ఫోనొచ్చింది. తెలుగు బ్రహ్మాండంగా వుంది. మరి సేవ్? "అయింది. ఏం?"

మావాడు నావైపు చూశాడు. "వానికాడ ఐతుంది. మనకాడ ఐతలేదు. ఒకటే ప్యాచ్ గదన్నా?"

అంటే తప్పు చీటీలో లేదు. అతికించిన దాంట్లో వుంది. అప్పుడు వాడు టెస్టింగ్ విద్యార్థిలా ఆలోచించడం మొదలుపెట్టాడు. అదే మార్పుల్ని బీపీఎస్ అనే కొత్తరకం చీటీగా చేశాడు. ఇది దర్జీ కాదు, సినిమా హాలు గేటు దగ్గర టిక్కెట్టు చించేవాడు! ఏ ఫైలునుంచి పుట్టిందో దాని గుర్తింపు సంఖ్య తనలో రాసుకుని వుంటుంది. అవతలి ఫైలు సంఖ్య కలవకపోతే లోపలికి పోనివ్వదు. పంపాడు. స్నేహితుడి దగ్గర తలుపు మూసుకుంది. 'మూల ఫైలు వేరు' అని ఇంగ్లీషులో గద్దించింది.

ఆ గుర్తింపు సంఖ్యే ఈ కథలో పుట్టుమచ్చ. సీఆర్‌సీ-32 అంటారు. ఫైలులో వున్న కోటీ అరవైయేడు లక్షల బైట్లనీ వరసగా ఒక లెక్కలో వేసి నూరితే చివరికి ఎనిమిది అక్షరాల గుళిక మిగులుతుంది. ఎక్కడో ఒక్క బైటు మార్చండి, గుళిక ఆనవాలు పట్టలేనంతగా మారిపోతుంది. రెండు వేర్వేరు ఫైళ్ళకి కాకతాళీయంగా ఒకే సంఖ్య రావడం 429 కోట్లలో ఒకటో వంతు. కావాలని పనిగట్టుకుంటే దీన్ని కూడా నకలు చేయొచ్చు. అందుకే జాగ్రత్తపరులు నలభై అక్షరాల షా-1 కూడా చూస్తారు. ఫైర్ రెడ్ అమెరికా మొదటి కూర్పు, అంటే 1.0, దాని సీఆర్‌సీ డీడీ88761సీ. అభిమానులు '1636 స్క్విరల్స్' అని పిలుచుకునే ఫైలు సంఖ్యా ఇదే. ఈ ఆటలకి జాతకాలు రాసి పెట్టే 'నో-ఇంట్రో' అనే బృందం కూడా వుంది. ఆ పేరెందుకంటే, దొంగ కాపీలు తీసేవాళ్ళు ఆట ముందు తమ గొప్పలతో ఒక 'ఇంట్రో' తగిలించేవాళ్ళు. అలాంటి అతుకులు లేనివే లెక్కలోకి తీసుకుంటామని వీళ్ళ పట్టుదల.

స్నేహితుడి ఫైలు సంఖ్య చూస్తే డీడీ88761సీ. పొల్లుపోలేదు.

మాది? మొదటి అక్షరం దగ్గరే తేడా.

నేనింకా ఒప్పుకోలేదు. మా కాక తెచ్చిందాయె! "అయితే ఇది 1.1 అయ్యుంటుంది లేరా," అన్నా. అది వట్టి బుకాయింపు కాదు. ఫైర్ రెడ్ ఇంగ్లీషులో రెండు కూర్పులు వచ్చిన మాట నిజం. రెండోదాంట్లో సరుకు కొన్ని చోట్ల అటూ ఇటూ జరిగింది. 1.0 కోసం రాసిన చీటీ 1.1కి అతికిస్తే ఒకరి కోటు ఇంకొకరికి తొడిగినట్టే. పైకి రెంటికీ అదే పేరు, అదే బొమ్మ. అభిమానులు పదేపదే '1.0 మాత్రమే' అని మొత్తుకునేది అందుకే.

"చూద్దాం ఆగు," అని వాడు ఫైలు ముఖం తెరిచాడు. ఫైలు మొదట్లో ఒక చిన్న పట్టీ వుంటుంది, మన సినిమాకి టైటిల్ కార్డు లాగా. ఆట పేరు పన్నెండక్షరాల్లో. తర్వాత నాలుగక్షరాల కోడు: బీపీఆర్ఈ. చివరి 'ఈ' అంటే అమెరికా ఇంగ్లీషు. జపానుదైతే అక్కడ 'జే' వుంటుంది. ఇంకాస్త ముందుకెళ్తే కూర్పు సంఖ్య: సున్నా అంటే 1.0, ఒకటి అంటే 1.1. మాది సున్నా. పేరు సరి, కోడు సరి, కూర్పు సరి! ఆట మొదలవగానే యంత్రం సరిచూసుకునే 156 బైట్ల నింటెండో బొమ్మ కూడా సరి. నేను ఎగిరి గంతేశాను.

వాడు గంతేయలేదు. "ఇది ముఖమే అన్నా. ముఖం అందరిదీ ఒక్కటే వుంటది."

నిజమే. ఆ పట్టీకి విడిగా ఒక సరిచూపు బైటు వుందిగానీ అది కాచేది ఆ పట్టీలోని పేరూ కోడూ మాత్రమే. మిగతా సినిమాలో ఏ రీలు మార్చినా దానికి పట్టదు. మీ నాన్నగారినో తాతగారినో అడగండి. వూళ్ళో టాకీసుకి వచ్చేసరికి ప్రింటులో పాట వుండేది కాదు. టైటిల్స్ అవే, హీరో అతనే. సెన్సారు సర్టిఫికెట్టు మీద ఎన్ని రీళ్ళు, ఎన్ని మీటర్లు అని రాసి వుండేది నిజమే, కానీ తెరమీద అది రెండు క్షణాలు మెరిసి మాయమైతే కొలిచేదెవరు? 2022 ఆగస్టులో 'పోకిరి' మళ్ళీ విడుదలైనప్పుడు చొక్కాలు చించుకున్న మా తమ్ముళ్ళు కూడా సర్టిఫికెట్టు చదివి వుండరు. అన్నట్టు నేనూ తక్కువ తిన్లేదు. ఒకసారి ఒక పత్రికకి వ్యాసంతో పాటు స్టిల్లు పంపాను. వేరే సినిమా స్టిల్లు! హీరో అతనే, మీసమూ అదే. అచ్చయ్యాక పాఠకుల ఉత్తరాలు చూసి నాలుగురోజులు ఇల్లు కదల్లేదు.

రెండు ఫైళ్ళనీ పక్కపక్కన పెట్టి బైటు బైటు పోల్చే ప్రోగ్రామ్ నడిపించాడు. తేడాలన్నీ నాలుగైదు చోట్లే గుంపుగా దొరికాయి. కథలో లేవు, బొమ్మల్లో లేవు. అన్నీ సేవ్ చేసే భాగంలో!

"ఇప్పుదాం," అన్నాడు.

క్యాసెట్టు వెనక స్క్రూకి మూడు రెక్కలుంటాయి. మామూలు స్క్రూడ్రైవరు పట్టదు. అమీర్‌పేటలో మొబైల్ రిపేరు కొట్టుకెళ్ళి ఆ మొనది కొనుక్కొచ్చాడు. రాత్రి తొమ్మిదింటికి, టేబుల్ లైటు కింద, ఇద్దరం సర్జన్లలా కూర్చుని విప్పాం.

లోపల ఆకుపచ్చ పలక. దానిమీద నింటెండో పేరు లేదు. ఓ మూల రూపాయి బిళ్ళకంటే చిన్నదైన గుండీ బ్యాటరీ.

మీకిది విశేషంగా అనిపించకపోవచ్చు. కానీ అసలు ఫైర్ రెడ్‌లో బ్యాటరీ వుండదు! అది సేవ్‌ని ఫ్లాష్ మెమరీలో రాస్తుంది. కరెంటు లేకపోయినా అందులో రాసింది చెరగదు. రూబీ, సఫైర్, ఎమరాల్డ్ క్యాసెట్లలో బ్యాటరీ వుంటుంది గానీ అది గడియారం నడవడానికి. సేవ్ కోసం కాదు. ఫైర్ రెడ్‌లో ఆ గడియారమే లేదు. డూప్ తయారుచేసేవాళ్ళు ఫ్లాష్ ఖర్చెందుకని చవక మెమరీ వేసి, అది మర్చిపోకుండా వుండటానికి ఒక బ్యాటరీ అతికించి, ఆటలో సేవ్ చేసే భాగాన్ని ఆ మెమరీకి తగ్గట్టు మార్చేస్తారు. ఆ మార్చిన భాగమే మాకు పోలికలో దొరికింది. ఎమ్యులేటరేమో ముఖం చూసి 'ఓహో, ఫ్లాష్' అనుకుంటుంది. ఆటేమో ఇంకోచోట రాయబోతుంది. సేవ్ ఎలా అవుతుంది?

ఇక బ్యాటరీ ప్రాణం వున్నన్నాళ్ళే జ్ఞాపకం. వాడు మీటరు పెట్టి చూశాడు. మూడు వోల్టులు వుండాల్సినచోట అరవోల్టు కూడా లేదు.

"ఇది సచ్చి శానా ఏండ్లయిందన్నా," అన్నాడు.

నాకు తెలుసు ఎన్నేళ్ళయిందో. 2006 దసరా.

చేతిలో స్క్రూ పట్టుకుని అలాగే కూర్చున్నాను. పదేళ్ళ పిల్ల, రెండు జడలు, చెంపమీద నా వేళ్ళు. "ఒట్టన్నా." అది ఆడినప్పటికే ఆ బ్యాటరీ పోయివుంటుంది. దానికి 'న్యూ గేమ్' ఒక్కటే కనపడివుంటుంది. నొక్కివుంటుంది. ఇంకేం చేస్తుంది మరి?

మావాడు నా ముఖం చూసి వేరేలా అర్థం చేసుకున్నాడు. కాసేపాగి మెల్లిగా అన్నాడు. "అన్నా, బాపుకు చెప్పకు."

కాక దుబాయి ఎండల్లో సంపాదించిన దాంట్లోంచి కొన్నాడు. కొట్టువాడు ఒరిజినల్ అనే చెప్పి వుంటాడు. కాకకి ఇంగ్లీషు రాదు, పోకెమాన్ అంటే ఏమిటో తెలియదు. అన్న కొడుకు అడిగాడని బొమ్మ చూసి తెచ్చాడు. చెప్పనని మాటిచ్చాను. ఈ పత్రిక మా వూరికి వెళ్ళదులెండి.

ఆ రాత్రే చెల్లెకి ఫోన్ చేశాను. హనుమకొండలో బ్యాంకు ఉద్యోగం, ఇద్దరు పిల్లలు.

"ఏందన్నా గీ టైముల? అంతా మంచిదేనా?"

చెప్పాను. బ్యాటరీ, ఫ్లాష్, సీఆర్‌సీ అన్నీ కలగాపులగంగా. అవతల చాలాసేపు చప్పుడు లేదు. లైను కట్టయిందేమో అనుకున్నా.

"నేను తుడువలేదని నాకు ఎర్కేనన్నా. నీకే ఇయ్యాల ఎర్కైంది."

"అవునే. తప్పు నాదే."

"అప్పుడు నాతోని సారీ చెప్పిచ్చిన్రు గదా. గది వాపస్ ఇయ్యి."

ఇచ్చాను. ఫోన్లో అది నవ్వుతోందో ఏడుస్తోందో నాకు తెలియలేదు. తర్వాత "అమ్మకు గూడ జెప్పు. పొద్దుగాల్నే జెప్పు," అని పెట్టేసింది. చెప్పాను. అమ్మకి ఆ సంగతే గుర్తులేదు! చెల్లెకి ఆ మాట చెప్పలేదు.

ఇక మావాడి తెలుగు ఆట. నాలుగు నెలల శ్రమ బూడిదలో పోయలేదు. స్నేహితుడి క్యాసెట్టు నాలుగురోజులు అరువు తెచ్చి, అసలు 1.0 మీద మళ్ళీ అతికించి, తీసేసిన ఒత్తులన్నీ తిరిగి పెట్టి, కొత్తగా బీపీఎస్ చీటీ తయారుచేశాడు. ఈసారి చీటీతో పాటు ఒక కాగితం కూడా రాశాడు: ఏ ఆట, ఏ కూర్పు, ఎన్ని బైట్లు, సీఆర్‌సీ ఎంత, షా-1 ఎంత. పని మొదలుపెట్టే ముందే అసలు ఫైలుకి ఒక నకలు తీసి, దాన్ని ముట్టుకోకుండా పక్కన పెట్టుకున్నాడు. మన కాపీరైటు చట్టం, 1957 నాటిది, సక్రమంగా కొనుక్కున్న ప్రోగ్రామ్‌కి నష్టం రాకుండా నకలు తీసి పెట్టుకోవడాన్ని ఒప్పుకుంటుంది. తమాషా ఏమిటంటే నేను ఇన్నేళ్ళూ గర్వంగా దాచుకున్నది నకిలీ సరుకు కాబట్టి నాకు ఆ వెసులుబాటు కూడా లేదు!

అక్క కొడుకు కోసం ఇప్పుడొక అసలు క్యాసెట్టు సెకండ్ హ్యాండులో వెతుకుతున్నాం. ఎవరైనా ఫొటో పంపితే మావాడు బొమ్మ వంక చూడనే చూడడు. లేబుల్‌మీద అచ్చుగుద్దినట్టు లోపలికి నొక్కిన రెండంకెల సంఖ్య వుందా, కింద బంగారు రంగు పళ్ళ పైన పలకమీద నింటెండో పేరు కనపడుతోందా, అదీ వాడి వాకబు. మొన్న ఒకాయన "ఒరిజినల్ బ్రదర్, గ్యారంటీ!" అన్నాడట. మావాడు నావైపు చూసి నవ్వాడు. నేను తల తిప్పుకున్నాను.

ఆ ఎర్ర క్యాసెట్టు మాత్రం పారేయలేదు. వాడే కొత్త గుండీ బ్యాటరీ కొని, కాలకుండా జాగ్రత్తగా టంకం పెట్టాడు. పాత ఎస్పీలో పెట్టి సేవ్ చేసి, ఆపి, మర్నాడు తెరిచి చూస్తే 'కంటిన్యూ' కనపడింది. చెల్లె దసరాకి వస్తానంది. క్యాసెట్టు తనకే కావాలట, తనొచ్చేదాకా ఎవరూ ముట్టుకోకూడదట.

పోయిన ఆదివారం కాక ఫోన్ చేశాడు. కొడుకు చదువెట్లుందని అడిగి, నడుమ ఏదో గుర్తొచ్చినట్టు, "నేను తెచ్చిన గా ఆట ఇంక నడుస్తుందా బిడ్డా?" అన్నాడు.

"నడుస్తుంది కాకా," అన్నాను. "సేవ్ కూడా అయితుంది."